డోలు ఆగే గుమ్మం

నా మొగుడు నలభై మూడు సార్లు చచ్చాడు. పదిహేడు సార్లు తుపాకీ గుండుకి, తొమ్మిది సార్లు గుండెపోటుకి, ఆరు సార్లు విషానికి. మిగతావి చిల్లర చావులు. ఒక్కసారి మాత్రం పడక్కుర్చీలో హాయిగా కన్నుమూశాడు గానీ ఆ సినిమా విడుదల కాలేదు.

అషిల్ వోట్లే అంటే మీకెవరికీ తెలియదు. మొహం చూస్తే మాత్రం ‘ఈయన్ని ఎక్కడో చూశామే’ అంటారు. ముప్పై ఒక్క ఏళ్ళలో డెబ్బై ఎనిమిది సినిమాలు చేశాడు. పారిస్‌లో ఏ చిన్న పాత్రకి మనిషి దొరక్కపోయినా మా ఇంట్లో ఫోను మోగేది. మార్సెయ్‌లో చేపలమ్మేవాడు, జెనీవాలో బ్యాంకరు, లియాన్‌లో పోలీసు, కెనడా అడవిలో చెట్లు కొట్టేవాడు, ఇద్దరు బిషప్పులు, ఒక ప్లంబరు. ఏ ఊరివాడైతే ఆ ఊరి యాస, ఏ పనివాడైతే ఆ పనితనం. చేపలవాడి పాత్రకని మూడు వారాలు చేపల బజారులో పనిచేసి వచ్చాడు. ఆ కంపు పోయేదాకా నేను మా అమ్మ దగ్గర పడుకున్నాను. షార్లెరువా బజారులో ఒకావిడ చెయ్యి పట్టుకుని, “మా బాయిలర్ బాగుచేసింది మీరే కదూ? మళ్ళీ కారుతోందండీ” అంది. ‘అది నేను కాదు’ అనొచ్చుగా అషిల్! వెళ్ళాడు, బాగుచేసి మరీ వచ్చాడు.

ఇన్నిటిలో మా ఊరి మనిషి పాత్ర ఒక్కటీ లేదు. పారిస్ వాళ్ళ సినిమాల్లో మా బెల్జియం యాస వినిపించిందంటే జనం నవ్వడానికే. అలాంటివి వస్తే అషిల్ ఫోను పెట్టేసేవాడు.

మా ఊరు బాంష్. ఇక్కడ మగవాడు ఏం చదివాడు, ఎంత సంపాదించాడు అన్నది తర్వాతి సంగతి. లెంట్ ఉపవాసాలకి ముందొచ్చే కార్నివాల్ మంగళవారం తెల్లారేసరికి డోలు వచ్చి అతని గుమ్మం ముందు ఆగుతుందా లేదా అన్నదే అసలు సంగతి. ఆగితే ఆ ఇంటి మగవాడు డోలుకి అడుగులేసే ‘జిల్’ బట్టల్లో, గుండెకీ వీపుకీ గడ్డి కుక్కించుకుని, నడుముకి గంటలు కట్టుకుని, చెక్క చెప్పులు టకటకలాడిస్తూ దాని వెంట బయల్దేరతాడు. ఇంటింటికీ ఆగి అందరినీ కలుపుకుంటూ పోతారు. దాన్ని వేషం అన్నానంటే మా అత్తగారు నన్ను ఇంట్లోంచి గెంటేస్తారు. మిగతా ఊళ్ళవాళ్ళు వేషాలు కడతారు, మావాళ్ళు జిల్ అవుతారు. జిల్‌కి రెండే కట్టుబాట్లు: ఊరి పొలిమేర దాటకూడదు, డోలు లేకుండా అడుగు వెయ్యకూడదు. తప్పితే ఆ తర్వాతి కార్నివాల్ మంగళవారం డోలు ఆ గుమ్మం దాటి వెళ్ళిపోతుంది. ఇక ఎప్పటికీ ఆగదు.

అషిల్ పద్నాలుగో ఏట మొదలుపెట్టి ఒక్క ఏడు మానలేదు. ఒక ఏడు లియాన్‌లో శవంగా పడుకుని, డైరెక్టరు ‘కట్’ అనగానే నుదుటి మీద గుండు దెబ్బ తుడుచుకోకుండానే రైలెక్కేశాడు. టికెట్ కలెక్టరు టికెట్ అడగలేదట.

తొంభై మూడు చలికాలం సంగతి ఇది. జనవరి ఆరున, రాజుల పండగ నాడు బాదం కేకు కోస్తుంటే ఫోను మోగింది. అషిల్ కాసేపు విని, “ఎవరు పోయారు?” అన్నాడు.

ఎవరూ పోలేదు. పెద్ద సినిమా ఒకటి, వారంలో షూటింగు అనగా, అందులో హీరో మంచు మీద జారుతూ కాలు విరగ్గొట్టుకున్నాడు. కథలో హీరో మా బాంష్ మనిషి. ఆ పాత్ర చేస్తావా అని అడుగుతున్నారు.

అషిల్ ఫోను పెట్టి వచ్చి కుర్చీలో కూలబడ్డాడు. యాభై నాలుగేళ్ళ మనిషి, కేకు ముక్క చేతిలో పట్టుకుని తినడం మర్చిపోయాడు.

“హీరో అంట, యోలాంద్” అన్నాడు నాతో. “మన ఊరివాడంట.”

“మంచిదే కదా, తిను” అన్నాను. ఇన్నేళ్ళూ తెర మీద మొగుడు కనిపించిన అర నిమిషం కోసం రెండు గంటల సినిమాలు చూసినదాన్ని.

మా అత్తగారు ఫిలొమెన్‌కి అప్పుడు ఎనభై నాలుగు. సినిమాలంటే ఆవిడ లెక్కలో ఉద్యోగం కాదు. “వీడు మళ్ళీ ఎక్కడికి?” అని మాత్రం అడిగి కేకు రెండో ముక్క తీసుకున్నారు.

మూడో రోజున స్క్రిప్టు వచ్చింది. అషిల్‌కి ఒక అలవాటుంది. స్క్రిప్టు చేతికి రాగానే చివరి పేజీ తిప్పుతాడు, తను ఎక్కడ చస్తాడో చూసుకోవడానికి. ఈసారి చివరి పేజీలో ఇలా ఉంది: ‘అతను సముద్రం వెంట నడుస్తూనే ఉంటాడు. కెమెరా దూరమవుతుంది.’

“చావలేదు!” అని వంటింట్లోంచి కేక పెట్టాడు. ఆ ఊపులో నా బంగాళాదుంపల తొక్కల పక్కనే పెట్టి ఒప్పందం మీద సంతకం చేసేశాడు.

ఆ సాయంత్రం తీరిక చేసుకుని నేను ముందు పేజీ కూడా చదివాను.

“అషిల్, నూట పన్నెండో పేజీ చదివావా?”

“నూట పదమూడు చదివాను. చావలేదు.”

“చావలేదు సరే. ఏ బట్టల్లో చావలేదో చూశావా?”

చూశాడు. మొహంలో నెత్తురు చుక్క లేదు. హీరో జిల్ బట్టలన్నీ తొడుక్కుని, ఒక్కడే, డోలు లేకుండా, ఓస్టెండ్ సముద్రపు ఒడ్డున నడుస్తాడు. ఓస్టెండ్ మాకు నూట యాభై కిలోమీటర్ల దూరం.

“నడవనని చెప్పు” అన్నారు అత్తగారు తలుపు దగ్గర్నుంచి. చెవుడని చెప్పుకుంటారు గానీ కావలసినవన్నీ ఆవిడకి వినిపిస్తాయి.

అషిల్ పారిస్‌కి ఫోను చేశాడు. డైరెక్టరు రొమారిక్‌కి ముప్పై ఏళ్ళుంటాయి, మర్యాద తెలిసినవాడే. అంతా ఓపిగ్గా విని, “నిషేధమా! అషిల్ గారూ, అందుకే కదండీ ఆ సీను!” అని తెగ సంబరపడ్డాడు. ఆ సీను లేకపోతే సినిమా లేదన్నాడు. ఆ సినిమా లేకపోతే అషిల్‌కి డెబ్బై తొమ్మిదోది మళ్ళీ ఏ శవమో.

ఊళ్ళో మాట దాగదు. ఆదివారం పొద్దున ఒడోన్ వచ్చాడు. పంది మాంసం దుకాణం అతనిదే, జిల్ సంఘానికి పెద్దా అతనే. చిన్నప్పుడు బళ్ళో అషిల్ పక్కన కూర్చున్నవాడు. టోపీ తీసి బల్ల మీద పెట్టి, కాఫీ కూడా వద్దన్నాడు. అప్పుడే నాకు భయమేసింది.

“ఒరేయ్ అషిల్, నీకు చెప్పేంతవాణ్ణి కాను. అక్కడ నడిచేది జిల్ అయితే మంగళవారం డోలు నీ గుమ్మం ముందు ఆగదు. జిల్ కాకపోతే మాకు సంబంధం లేదు. నేనే వచ్చి చూస్తాను.”

“సినిమారా అది, ఒడోన్. ఉత్తుత్తిదే.”

“ఉత్తుత్తి జిల్ ఉండడురా. నీకు తెలియదా?”

అషిల్‌కీ తెలుసు. ఒడోన్ వెళ్ళాక కిటికీ దగ్గర నిలబడి వీధిలోకి చూస్తూ, “నాన్న కోసం ఆగిన చోటే నాకోసం ఆగుతుంది ఆ డోలు” అన్నాడు. నాకు ఏడుపొచ్చింది, కోపమూ వచ్చింది. చివరి పేజీ చదివే అలవాటు మానమని ముప్పై ఏళ్ళుగా చెబుతున్నాను.

దారి అత్తగారికి దొరికింది. మా ఊళ్ళో జిల్ బట్టలు అద్దెకిచ్చేవాళ్ళు సినిమా వాళ్ళని గడప ఎక్కనివ్వలేదు. దాంతో బట్టలు పారిస్‌లోనే కుడుతున్నారు. వివరాలు కనుక్కోవడానికి సొలెన్ అనే అమ్మాయి పుస్తకం, కొలతల టేపు పట్టుకుని మా ఇంటికే వస్తోంది.

“జిల్ కాకపోతే సంబంధం లేదన్నాడు కదా ఒడోన్?” అన్నారు అత్తగారు. “మరి తప్పుల తడక తొడుక్కున్నవాడు జిల్ ఎలా అవుతాడు? యోలాంద్, ఆ పిల్లకి వాఫుల్స్ వెయ్యి. చక్కెర దండిగా జల్లు.”

సొలెన్ నిజంగా మంచి పిల్ల. చెప్పిందల్లా గుండ్రటి అక్షరాలతో రాసుకునేది. మా అత్తగారు ఆ పిల్ల చెయ్యి నిమురుతూ ఒక్క నిజం చెప్పలేదు.

“గంటల పట్టీ నడుముకి కాదు తల్లీ, భుజం మీదుగా.”

“ఫోటోల్లో నడుముకే ఉంది కదా, మామ్మగారూ?”

“ఫోటోలు పైవూరి వాళ్ళ కోసం దిగుతారమ్మా. ఇంకో వాఫుల్ తిను. అంగీ మీది సింహాల బొమ్మలు నీలం రంగువి.”

“గడ్డి ఎంత కుక్కాలండీ?”

“గడ్డా? అయ్యో దేవుడా, గుచ్చుకోదూ! దూది.”

నేను వంటింట్లోకి వెళ్ళి గుడ్డ నోట్లో కుక్కుకున్నాను. ఇదంతా అషిల్ పారిస్‌లో ఉన్న రోజుల్లో జరిగింది. అక్కడ అతని పాట్లు అతనివి. ఒక రోజు ఫోనులో గొంతు తగ్గించి, “నాకు యాస నేర్పడానికి ఒకాయన్ని పెట్టారు” అన్నాడు.

“ఏ యాస?”

“మనదే. నాది సరిగ్గా లేదంట. ఆయనది ఫ్రాన్స్‌లో నాంత్ ఊరు. ఇవాళ నాలుగు గంటలు కూర్చోబెట్టాడు.”

“నేర్చుకున్నావా మరి?”

“ఆయనకి ఎలా కావాలో నేర్చుకున్నాను.” ఒక్క క్షణం ఆగాడు. “చాలా బావుందన్నాడు.”

ఫిబ్రవరి మొదటి వారంలో ఓస్టెండ్ సీను. ఒడోన్ తన దుకాణం వ్యాన్‌లో బయల్దేరాడు. అత్తగారు ముందు సీట్లో, నేను వెనక హ్యాముల మధ్య. అక్కడికి చేరేసరికి ఒక నెలపాటు నా దగ్గరికి ఏ కుక్కైనా వచ్చేలా ఉన్నాను. సాయంత్రం హోటల్లో అషిల్, నేను వేయించిన బంగాళాదుంపలు, సముద్రపు గుల్లలు ముందు పెట్టుకుని కూర్చున్నాం. అతను గుల్లలు ఒలుస్తున్నాడు గానీ తినడం లేదు.

“ట్రయల్ వేశారు” అన్నాడు. “నీలం సింహాలు. దూది. గంటలు భుజం మీదుగా, ఆవుకి కట్టినట్టు.”

“మీ అమ్మ చలవే” అన్నాను. “ఒడోన్ చూసి నవ్వుకుని వెళ్ళిపోతాడు. గండం గడిచినట్టే.”

అతను నా వైపు చూడలేదు.

“అషిల్. ఏం చేశావు?”

“సొలెన్‌కి అన్నీ సరిగ్గా చెప్పాను. మూడు రోజులైంది. సింహాలు మార్చింది, గడ్డి తెప్పించింది. లేసు దగ్గర్నుంచి అన్నీ సరిచేసింది. పాపం రాత్రింబగళ్ళు కుట్టింది.”

నా పై ప్రాణాలు పైనే పోయాయి. “నీకు మతి పోయిందా? ఎనభై నాలుగేళ్ళ మనిషి నీకోసం వారం రోజులు అబద్ధాలాడితే, నువ్వు ఒక్క పూటలో ముంచేస్తావా?”

“యోలాంద్, నేను చేపలవాడి కత్తి పట్టడం తప్పుగా పట్టలేదు. బిషప్పు ఉంగరం తప్పు వేలికి పెట్టుకోలేదు. ఊరుకాని ఊరి వాళ్ళందరికీ అంత మర్యాద ఇచ్చి, మా నాన్న బట్టలు తప్పుగా తొడుక్కోమంటావా?”

గుల్లలు చల్లారిపోయాయి. “డోలో?” అన్నాను చివరికి.

“చూద్దాం” అన్నాడు.

మర్నాడు పొద్దున ఈదురుగాలి. ఇసుక మీద తాళ్ళు కట్టి మమ్మల్ని ఇవతల నిలబెట్టారు. అత్తగారికి కుర్చీ వేశారు. పోయిన మామగారు పందెం పావురాల కోసం ఆకాశంలోకి చూసిన దుర్భిణి ఆవిడ మెళ్ళో ఉంది. గుడారం తెర తొలగింది, అషిల్ బయటికి వచ్చాడు.

ఒక్క దారం తేడా లేదు. ఎర్ర, నల్ల సింహాలు, మంచులాంటి లేసు, నడుముకి గంటలు, తల మీద ఉష్ట్రపక్షి ఈకల టోపీ. ఒడోన్ అలవాటు కొద్దీ తన టోపీ తీసేశాడు. అంతలోనే గుర్తొచ్చి మళ్ళీ పెట్టుకున్నాడు.

“ఆ పారిస్ పిల్లకి అంత తెలివెక్కడిది?” అన్నారు అత్తగారు. నా వైపు తిరిగారు. నేను సముద్రం వైపు తిరిగాను.

రొమారిక్ చెయ్యి ఊపాడు. అషిల్ నడవడం మొదలుపెట్టాడు.

మొదటి అడుగుకే నేను తాడు గట్టిగా పట్టుకున్నాను. ఆ అడుగు నాకు తెలుసు. అది జెనీవా బ్యాంకరుది. బూట్లు తడుస్తాయేమోనని మడమలెత్తి వేసే అడుగు. మెడ చేపలవాడిది, గాలి ఎటునుంచి వస్తోందో చూసుకుంటూ ఉంటుంది. గడ్డి కుక్కిన పొట్ట మీద ఒకదాన్నొకటి పట్టుకున్న ఆ చేతులు రెండో బిషప్పువి. నాలుగడుగులకోసారి వెనక్కి తిరిగే చూపు లియాన్ పోలీసుది. ఒక చోట ఆగి భుజం ఎగరేశాడు, అది ఎవరిదో వెంటనే తట్టలేదు. ఆ తర్వాత గుర్తొచ్చింది: కెనడా అడవిలో చెట్టు కింద పడి చచ్చినవాడిది. ముప్పై ఒక్క ఏళ్ళు, డెబ్బై ఎనిమిది సినిమాలు ఆ ఇసుక మీద నడుచుకుంటూ పోతున్నాయి. వాటిలో ఎక్కడా అషిల్ లేడు. నలభై ఏళ్ళు మా వీధి రాళ్ళ మీద టకటకలాడిన ఆ పాదాలు, జన్మలో డోలు వినని మనిషి పాదాల్లా నడిచాయి.

ఒడోన్ కళ్ళు చికిలించాడు. మెడ ముందుకు చాచాడు. “ఎవడు వాడు?” అన్నాడు తనలో తనే.

అత్తగారు దుర్భిణి సరిచేసుకుని చాలాసేపు చూశారు. “మా వీధి వాడు కాదు” అన్నారు.

“అసలు బాంష్ వాడే కాదు, పెద్దమ్మా. ఎవడో ఆ బట్టలు దొరికితే తొడుక్కున్నాడు.”

“దొంగిలించి ఉంటాడు” అన్నారు ఆవిడ.

‘కట్’ అన్నారు. రొమారిక్ ఇసుకలో పరుగెత్తుకుంటూ వెళ్ళి అషిల్‌ని కావలించుకున్నాడు. గడ్డి అడ్డమొచ్చి చేతులు అందలేదు. “అషిల్ గారూ! ఇన్ని సినిమాల్లో మీరు ఎవరెవరో అయ్యారు. ఇవాళ మొదటిసారి మీరు మీరుగా నడిచారు!” అంటూ ఏడ్చేశాడు. సొలెన్ కూడా ఏడ్చింది. అషిల్ టోపీ తీసి, “మీ అభిమానం బాబూ” అన్నాడు. అది చివరి సీను. యాసలు నేర్పినాయనతో సహా అందరూ చప్పట్లు కొట్టారు.

తిరుగు దారిలో వ్యాన్‌లో ఒడోన్‌ని “ఏమంటావురా?” అని అత్తగారు రెండుసార్లు అడిగారు. “నేనొక్కణ్ణీ అనేది కాదు పెద్దమ్మా. సంఘంలో పదకొండు మందిమి. మంగళవారం తెలుస్తుంది” అన్నాడు. బట్టలైతే సక్రమంగా ఉన్నాయి కదా, అదీ చెప్పక తప్పదు అతనికి.

ఆ సినిమా మరుసటి ఏడు వచ్చింది. చివరి సీనుకి పారిస్‌లో హాళ్ళు హాళ్ళే ఏడ్చాయట. మా ఊరి హాల్లో మాత్రం పగలబడి నవ్వారు. అషిల్ అందరికన్నా గట్టిగా నవ్వాడు. పెద్ద బహుమతి అతనికే అనుకున్నారు గానీ చివరికి ఇంకెవరికో వెళ్ళింది. తన ఊరివాడిగా తనే నడిచాడు, అందులో నటనేముంది అన్నారట పెద్దలు. ఆ ముక్క పేపర్లోంచి కత్తిరించి అషిల్ వంటింట్లో అంటించుకున్నాడు. అందులోని తమాషా తెలిసింది ప్రపంచంలో మా ఊరికి ఒక్కదానికే.

అదంతా తర్వాత. ఆ మంగళవారం దగ్గరికి వస్తాను.

పొద్దున్నే మా తమ్ముడు వచ్చి అషిల్‌కి గడ్డి కుక్కాడు. ఏటా కుక్కేది వాడే. ఏం జరుగుతుందో తెలియకపోయినా వచ్చాడు. అత్తగారు మామగారి ఫోటో కింద కుర్చీ వేసుకుని, బయటికి వెళ్ళే కోటు, టోపీ పెట్టుకుని కూర్చున్నారు. షాంపేన్ సీసా బల్ల మీద ఉంది, ఎవరూ తీయలేదు. గడ్డి కుక్కాక జిల్ కూర్చోలేడు. అషిల్ వంటింటి మధ్యలో మూటలా నిలబడ్డాడు.

చాలాసేపటికి డోలు వినిపించింది. చర్చి వైపు నుంచి. ఒక ఇంటి ముందు ఆగింది, మళ్ళీ కదిలింది. రొట్టెలవాళ్ళ ఇంటి ముందు ఆగింది. కదిలింది. పక్కింటి ముందు ఆగింది, వాళ్ళ తలుపు తెరుచుకుంది, చెప్పులు టకటకమన్నాయి. మళ్ళీ మొదలైంది. మా కిటికీ అద్దాలు అదురుతున్నాయి. మా గుమ్మం దగ్గరికి వచ్చింది.

దాటింది.

నేను అత్తగారి వైపు చూడలేకపోయాను. నాలుగడుగులు దాటి ఉంటుంది. అక్కడ ఆగిపోయింది. ఎవరో నవ్వారు. తర్వాత అన్నీ వెనక్కి వచ్చాయి. డోలు, గంటలు, చెప్పులు మా గుమ్మం ముందుకి వచ్చి, అక్కడే నిలబడి వాయించడం మొదలుపెట్టాయి. తలుపు మీద ఒడోన్ పిడికిలి.

“ఒరేయ్ బ్యాంకరూ! ఓస్టెండ్‌లో ఎవడో నీ బట్టలు దొంగిలించాడటగా! దొరికాయా?”

అషిల్ నలభై మూడు సార్లు కనురెప్ప కదలకుండా చచ్చిన మనిషి. ఇప్పుడు గడ్డం వణికింది, ముక్కు ఎర్రబడింది, కళ్ళలోంచి నీళ్ళు ధారగా లేసు మీద పడ్డాయి. డెబ్బై తొమ్మిది సినిమాల్లో ఎప్పుడూ చూడని మొహం అది. నాకూ ఆగలేదు.

అత్తగారు కర్ర ఊతంతో లేచి, జేబురుమాలుతో కొడుకు మొహం బరబరా తుడిచారు.

“ఇంక చాలు, గడ్డి తడిసిపోతుంది. నడువు.”